పందొమ్మిది నెలల వరస

కారణం రాయడానికి మీ ఫారంలో ఇంతేనా జాగా? బొటనవేలంత గీత! ఫ్యాక్టరీ మూతపడి రెండు వందల నలభై మంది రోడ్డున పడ్డారయ్యా, ఆ కారణం ఈ గీతలో ఇరికించమంటారా?

కూర్చోండి బాబూ, లేవకండి. వాషింగ్టన్ నుంచి ఇంత దూరం వచ్చారు, కాఫీ అయినా తాగండి. కోప్పడుతున్నాననుకోకండి, నా గొంతే అంత. మా వెర్మాంట్ లోయలో మెల్లగా మాట్లాడితే మిషన్ల మోతలో ఎవడికి వినపడి చచ్చేది? ఇప్పుడు మోత పోయింది. గొంతు మాత్రం తగ్గి చావలేదు.

ఏమిటీ, మీ చట్టం అర్థమైందా అనా? లైబ్రరీలో కూర్చుని రెండుసార్లు చదివాను. విదేశీ సరుకు వల్ల ఉద్యోగాలు పోయాయని తేలితే మా వాళ్ళకి ఏడాది భృతి, కొత్త పని నేర్పే బడి. కంపెనీ చేజేతులా చేసుకుందని తేలితే సున్నా. అంతేగా? అందులో మా ఆయన ఆరిన్ కూడా ఉన్నాడు. యాభై ఆరేళ్ళు. ఇంకో పని రాదు.

మమ్మల్ని వదిలేసి జపాన్ మిషన్ కొన్న మొదటివాడి పేరు కావాలంటారు. పాతికేళ్ళు టార్బెల్ కంపెనీలో ఆర్డర్ల బల్ల దగ్గర కూర్చున్నదాన్ని, నన్నుగాక ఎవరినడుగుతారు లెండి.

చెబుతాను. ముందు కొంచెం వినండి.

మేం చేసినవి బొమ్మలు కావండీ. మిషన్లని పుట్టించే మిషన్లు. యుద్ధంలో ఏ విమానం ఇంజను విప్పినా, ఇనుము చెక్కే మా లేత్ మీద తిరిగిన ముక్క ఒకటి బయటపడేది. "హిట్లరు బాంబులెయ్యాల్సిన ఊళ్ళ జాబితాలో మన ఊరుందట!" అని చర్చి మెట్ల మీద మా నాన్న గొప్పలు పోయేవాడు. చావు జాబితాలో ఉంటే గొప్పేమిటి నాన్నా అంటే, "పోలండ్ నుంచి ఓడ దిగినవాణ్ణే, మన పేరు ఏదో ఒక జాబితాలో ఉందిగా" అనేవాడు.

మా ఆరిన్‌ది గీకుడు పని. మిషన్ బెడ్డు, అదే కింది ఇనుప దిమ్మ, దాని మీద నీలం రంగు పూసిన పలక పెట్టి రుద్దడం, రంగంటిన మిట్టలన్నీ చేత్తో గీకడం, మళ్ళీ రుద్దడం. వెంట్రుకని ముప్పై చీలికలు చేస్తే అందులో ఒక్క చీలికంత తేడా ఉన్నా ఒప్పుకోడు. అలాంటి మిషన్ నలభై ఏళ్ళు చావదు. చావకపోతే కొత్తది ఎవడు కొంటాడయ్యా? ఈ మాట అన్న రోజు మా ఇంట్లో మాటలుండవు.

సరే, ఊరికో పిచ్చి. మా ఊరి పిచ్చి ఫ్యాక్టరీ గేటు దగ్గర బోర్డు. మా మిషన్ కావాలంటే ఎన్ని నెలలు ఆగాలో దాని మీద అంకె. పదకొండైతే చప్పట్లు. పదిహేనైతే టోపీలెగిరాయి. పందొమ్మిది అయిన రోజు బీరు పీపాలు తెరిచారు. కొనడానికొచ్చినవాణ్ణి పందొమ్మిది నెలలు వాకిట్లో నిలబెట్టామని పండగ చేసుకున్న జనాన్ని ఎక్కడన్నా చూశారా మీరు?

"మంచి సరుకు కోసం మనిషి ఆగుతాడు" అనేవాడు టార్బెల్ దొర. ఆగమని రాసే ఉత్తరాలు నావి. ఎంత మర్యాదగా రాసేదాన్నో! చెప్పుతో కొట్టి, ఆ చేత్తోనే దుమ్ము దులిపినట్టుండేది.

అప్పుడొచ్చాడు కాజ్. మా తమ్ముడు. ఏటి దిగువన విడిభాగాలు చేసే షెడ్డు, ముగ్గురు పనివాళ్ళు. ఎవరో పెద్ద పని ఇస్తామన్నారట, కొత్త లేత్ ఉంటేనే. నా బల్ల ముందు టోపీ తీసి నిలబడ్డాడు.

"ఒక్కటి అక్కా. చిన్నదే."

"నీ ముందు నలభై మంది ఉన్నార్రా. పందొమ్మిది నెలలు."

"అన్ని నెలలకి ఆ పనీ ఉండదు, నేనూ ఉండను."

"వరస అంటే వరస. తమ్ముడివని ముందుకు తోస్తే ఊరు నా మొహాన ఉమ్మేస్తుంది."

ఏడు వారాలు. ఏడే! జపాన్ మిషన్ దిగింది. లారీ పట్టపగలు పెద్దవీధిలోంచి పోతుంటే జనం గుమ్మాల్లో నిలబడి చూశారు, శవయాత్ర చూసినట్టు. ఆ వారంలోనే వాడి వ్యాను టైర్లు నాలుగూ కోసేశారు. చర్చిలో వాడు కూర్చున్న బల్ల మీద ఇంకొకడు కూర్చోలేదు. "నాకు బావమరిది లేడు" అనేశాడు ఆరిన్. నేనా? ముందు వరసలో కూర్చుని వెనక్కి తిరిగి చూడలేదు. ఏడేళ్ళు.

ఆ తర్వాత ఒకడి వెనక ఒకడు అదే దారి పట్టారు. ఆ మిషన్లలో కంప్యూటర్లు వచ్చాయి, మేమింకా నీలం రంగు పూసుకుంటూ కూర్చున్నాం. విదేశీ సరుకు దెబ్బ కొట్టలేదా అంటే కొట్టింది బాబూ, అబద్ధం కాదు. కానీ మీకు మొదటి పేరు కావాలి. మొదటి పేరు కాజ్.

మీరు వాడికి ఫోన్ చేసి ఎందుకు మారావని అడుగుతారట కదా? "ఆ మిషనే నచ్చింది" అంటే మా వాళ్ళు బతుకుతారు. "అడగడానికి పోతే తరిమేశారు" అంటే సున్నా. టైర్లు కోసినవాళ్ళ కూడు ఇప్పుడు కోయించుకున్నవాడి నోటి మాటలో ఉంది. ఎలా ఉంది మా తంటా?

అందుకే నిన్న వెళ్ళాను. క్యాబేజీ ఆకుల్లో మాంసం చుట్టి వండి, గిన్నె పట్టుకుని, సిగ్గూ ఎగ్గూ లేకుండా. తలుపు తీశాడు. తలంతా నెరిసిపోయింది వాడికి. "రా అక్కా" అన్నాడు, మొన్ననే వచ్చి వెళ్ళినట్టు.

విషయం చెప్పాను. ఫోన్లో ఏమనాలో కూడా చెప్పాను. చాలాసేపు గుడ్డతో చేతులు తుడుచుకున్నాడు. "అలాగే అంటాలే. బావకి నడుం నొప్పి తగ్గిందా?" అన్నాడు. లేచి వస్తుంటే గుమ్మంలో ఆపాడు.

"ఒక్కటి చెప్పక్కా. ఆ రోజు నా ముందు నిజంగా నలభై మంది ఉన్నారా?"

కలం కింద పెట్టండి బాబూ. పెట్టండి, చెబుతాను.

ఆ నలభైలో ముప్పై ఏడుగురు అప్పటికే వద్దని రాసేశారు. ఒక్కొక్కడూ నాలుగు కంపెనీల్లో పేరు రాయించుకుని, ముందు దొరికిన చోట కొనుక్కునేవాడు. ఆ ఉత్తరాలన్నీ నా సొరుగులోనే. "ఉండనీ హెడీ, అంకె దిగితే మనవాళ్ళ ఊపు దిగుతుంది" అన్నాడు దొర. ఆయన్ననడం ఎందుకులే, నాకూ ఆ అంకె ముద్దొచ్చేది. దాన్ని చూసే కదా ఊరంతా నన్ను పలకరించేది! వాడి ముందున్నది ముగ్గురు. మూడంటే మూడు నెలల్లో మా మిషన్ వాడి షెడ్డులో దిగేది.

వాడికి నిజం చెబితే ఫోన్లో మాట మారుస్తాడు, మా ఊరివాళ్ళు చస్తారు. ఊరివాళ్ళకి చెబితే నేను చస్తాను. మీరు రాసుకుంటారో మింగేస్తారో మీ ఇష్టం.

"నలభై ఒక్క మందిరా, నాకు బాగా గుర్తు" అన్నాను వాడితో. ఒకటి కలిపాను చూశారా, నమ్మకం కుదరాలని.

"అయితే నీ తప్పేం లేదులే అక్కా" అన్నాడు.

ఫోన్ ఆ గోడకుంది. చెయ్యండి. ఆ మిషనే నచ్చిందనే అంటాడు వాడు.