కుళ్ళాయప్ప నవ్విన నవ్వు

కుళ్ళాయప్ప అని ఒకడుండ్య మా పక్కూర్లో, మిషను కుట్టేటోడు. మంచి చెయ్యి. రైక గుడ్డ ఇస్తే కొలత గూడా అడక్కుండా మనిషిని ఒక్క చూపు చూసి కుట్టిచ్చేటోడంట. ఆ మిషను వాని సొంతం గాదు, అత్త తిమ్మక్క తన కమ్మలమ్మి కొనిచ్చింది. అల్లుని చెయ్యి మంచిది, ఖాళీగా ఉండగూడదు అనిందంట ఆ యమ్మ. సరే, బాగనే జరుగుతాంది. ఏమైందంటే, కొత్త రైకల మోడళ్ళు చూడొచ్చునని చెప్పి ఈయప్ప ఒక ఫోను కొన్యాడు. రోంతసేపు మోడళ్ళే చూసినాడనుకో. మోడలు పక్కన ఒక కోతి కనపడింది. కోతి వెనక లారీ, లారీ వెనక ఎవుర్దో పెండ్లి, పెండ్లి వెనక ఇంగో కోతి. దానికి అంతుంటే గదా? ఇంగ అది లేకుంటే వానికి ఊపిరాడదు. పండుకుంటే రొమ్ము మీద పెట్టుకుంటాడు, చంటిబిడ్డను పెట్టుకున్నెట్ల. ఎండలో పోతే తలకుండే టవలు ఇప్పి దానికి చుడతాడు, తాను మాడతాడు. పెండ్లాం నాగులమ్మకు జరమొస్తే నుదురు మీద చెయ్యి పెట్టి చూడనోడు, ఫోను వేడెక్కిందని విసనకర్రతో ఇసిరినాడంట. నవ్వాకండి, గోడ అవతల రామక్క కండ్లారా చూసింది.

ఇంగ పని యాడ సాగుతాది? ఒకాయన చొక్కాకు జేబు ఈపున కుట్టినాడు. ఆయన తొడుక్కోని వచ్చి, ఏమప్పా, నాకు బీడీ గావాలంటే ఇంగొగున్ని పిల్చుకోవాల్నా అని అడిగితే, తలకాయ ఎత్తకుండా ఊఁ అన్యాడంట. ఏం చెప్పినా ఊఁ. ఉప్పు అయిపోయిందంటే ఊఁ. బర్రె ఈనిందంటే ఊఁ. నాగులమ్మ మొదట్లో అరిచింది, తర్వాత అలిగింది, తర్వాత రెండూ మానుకొనింది. అలిగినట్ల కనపడాలంటే గూడా ఎదుటోడు చూడాల గదమ్మా.

అట్లుండగా ఒకనాడు పొద్దున్నే నాగులమ్మ పుట్టినూరి నుంచి ఒక మనిషి మోటారు సైకిలేసుకోని వచ్చినాడు. తిమ్మక్క పోయింది, రాత్రి నిద్రలోనే పోయింది, బయల్దేరమ్మా అన్యాడు. ఫోను చెయ్యకూడదా అంటారేమో, చేసినారంట, శానా మాట్లు చేసినారంట. చూసే బొమ్మకు అడ్డమొస్తాందని ఈయప్పే నొక్కేసినాడు. నాగులమ్మ లోపలికి పోయి మొగుని ముందర నిలబడి, మా యమ్మ పోయిందయ్యా అనింది. సరిగ్గా ఆ గడియలో, ఫోనులో ఒక కోతి పెండ్లికొడుకు తలపాగా ఎత్తుకోని చెట్టెక్కుతాందంట. ఈయప్ప పకపకా నవ్వినాడు. ఆ యమ్మ అట్లే నిలబడి చూసింది. వాడు ఇంగా నవ్వుతానే ఉండాడు. నాగులమ్మ బయటికొచ్చి, రామక్కతో అనిందంట, అక్కా, ఆయనకు రెండు పూట్లా ఇంత ముద్ద పెట్టు, మా యమ్మ సంగతి మటుకు ఎవురూ చెప్పాకండి, నేను చెప్పినాను, ఇన్యాడు అని. ఆ బండెక్కి ఎళ్ళిపాయ.

రామక్క పెడతాండాది, వాడు తింటాండాడు. తల ఎత్తేది ల్యా. ఒకనాడైతే, ఏమే, పులుసులో ఉప్పు తక్కువేసినావు అన్యాడంట. రామక్క ఉప్పు గిన్నె తెచ్చి ముందర పెట్టింది. అట్ల ఇంగెన్నాళ్ళు తింటుండెనో గానీ, ఊర్లో ట్రాన్స్‌ఫార్మర్ కాలిపాయ. కరెంటు ల్యా, ఫోను చచ్చిపాయ. వాడు దాన్ని ఊపినాడు, తట్టినాడు, నోటితో ఊదినాడు. ఏం చేసినా లేయకపోతే అప్పుడెత్తినాడు తలకాయ. ఎదురుగా అన్నం తట్ట పట్టుకోని రామక్క. నువ్వేందక్కా, నాగులమ్మేది అన్యాడు. అబ్బీ, నాగులమ్మ పోయిన సోమారమే పుట్టింటికి పాయ, ఎందుకో నీకు చెప్పే పోయింది, నన్నడగాకు అని తట్ట కింద పెట్టి పాయ రామక్క.

వాడేమనుకున్యాడంటే, అలిగి పోయిందిలే అనుకున్యాడు. అలిగినోళ్ళను ఎట్ల పిల్చుకోని రావాల్నో మొగోళ్ళకు తెలుసు గదా, తెలుసనుకుంటారు. పూల చొక్కా ఏసుకున్యాడు, కిలో జిలేబీ కట్టించుకున్యాడు, బస్సెక్కినాడు. నిజం చెప్పాలంటే, ఆ ఊర్లో అయితే కరెంటుంటాదిలే అని గూడా లోపల అనుకున్యాడంట. పోయి దిగినాడు. చూస్తే, అత్త ఇంటి ముందర అందరూ నేల మీద కూసోనుండారు. తిమ్మక్క పండుకునే మంచం గోడకు నిట్టనిలువునా ఆనించి పెట్టిండారు. దాన్ని చూసినాడు, చేతిలో జిలేబీ పొట్లం చూసుకున్యాడు, యాడ పెట్టాల్నో తెలీల్యా. ఎవురూ రమ్మనరు, పొమ్మనరు. లోపల్నుంచి నాగులమ్మ వచ్చింది. గట్టిగా గూడా అన్ల్యా. "మా యమ్మ పోయిందని నీకు చెప్తే, నువ్వు నవ్వినావు" అనింది. అంతే.

అప్పుడు తెలిసొచ్చింది వానికి. ఆ కోతి గ్యాపకం వచ్చింది, తన నవ్వు తన చెవుల్లోనే మోగింది. జోబీలోంచి ఫోను పెరికి, వాకిట్లో బండకేసి కొట్టబోతే నాగులమ్మ చెయ్యి పట్టుకొనింది. "దాన్నెందుకు కొడతావు? అది నవ్వల్యా" అనింది. తానే దాన్ని తీసుకోని కొంగున కట్టుకొని, నువ్వు పో, నాకు రాబుద్దయితే వస్తా అనింది.

వచ్చినాడు, ఒంటిగా. మొదట్లో సారాయి మానినోని మాదిరి అయిపాయ అనుకో. ఊరికూరికే చెయ్యి జోబీ కాడికి పోతాది. మేక మెడలో గంట మోగితే ఉలిక్కిపడి లేస్తాడు. రైక గుడ్డ మిషను మీద పరిచి, పువ్వు సరిగ్గా కనపడక ఫోనులో మాదిరి రెండు వేళ్ళు పెట్టి గుడ్డను సాగదీసినాడంట, పెద్దదైతాదని. ఆడోళ్ళు చూసి పడీ పడీ నవ్వినారు. వాడు నవ్వల్యా. తిమ్మక్క కొనిచ్చిన మిషను ముందర కూసోని, చెడగొట్టిన గుడ్డలన్నీ తిరిగి తెప్పించుకోని, కుట్లిప్పి మళ్ళా కుట్టినాడు. ఈపున జేబు ముందరికొచ్చె. మనిషొస్తే మొగం చూస్తాండాడు, మాటింటాండాడు.

తిమ్మక్క కర్మకు, పెద్దదినానికి మళ్ళా పాయ. ఈసారి పూల చొక్కా ల్యా. అంతా అయిపోయినాంక నాగులమ్మ ఆ ఫోను తెచ్చి ముందర పెట్టింది. దీంట్లో అంతా ఎతికినానయ్యా, కోతులుండాయి, లారీలుండాయి, ఎవురెవురి పెండ్లిండ్లో ఉండాయి, మా యమ్మ మొగం ఒక్కటి గూడా ల్యా అనింది. ఆయప్ప ఫోనును పక్కకు జరిపినాడు. "మీ యమ్మకు ఎడమ భుజం రోంత కిందికుంటాది, బిందెలు మోసి మోసి. రైక ఎప్పుడు కుట్టినా ఆ పక్క రోంత గుడ్డ ఎక్కువ పెడతాంటి, జారకుండా, ఎవురికీ కనపడకుండా. ఆ యమ్మకు గూడా చెప్పల్యా" అన్యాడు. నాగులమ్మ అప్పుడేడ్చింది, దినాలన్నిట్లో ఏడవనంత ఏడ్చింది. ఏడ్చి, వాళ్ళమ్మకు ఎట్లైంది, ఏమైంది, ఆ రాత్రి ఏం తిని పండుకునింది, మొత్తం చెప్పింది. పొద్దు గుంకేదాకా చెప్పింది. ఇన్యాడు. ఊఁ అని గూడా అన్ల్యా. తెల్లారి గుడ్డలమూట కట్టుకోని మొగుని ఎనకాలే వచ్చేసింది.

ఫోను ఇప్పుడు గూడా ఉందిలే, పారేసేదానికి అదేమన్నా ఊరికే వచ్చిందా? నాగులమ్మ పప్పు డబ్బాలో పెట్టింటాది. మోడళ్ళు చూడాలంటే తానే పట్టుకోని చూపిస్తాది, కోతి కనపడితే మూసేస్తాది. మొగుడు మారినాడని ఊరంతా మెచ్చుకున్యారు. ఆ యమ్మ మటుకు మొన్న రామక్కతో అనిందంట, అక్కా, ఇప్పుడు పొద్దస్తమానం నా మొగమే చూస్తాండాడు, ఏమాలోచిస్తాండావు, ఏమాలోచిస్తాండావు అని అడుగుతాండాడు, చచ్చిపోతాండా అని. ఆమెకేంది, ఇంట్లో సంగతులు చెప్పాల్సింది ఆమె ఒక్కతే. మా గతి చూడు. నేను రైక గుడ్డ ఇచ్చి ఎన్నాళ్ళాయనో. పోయి అడిగితే, కూసోవ్వా, ముందు నీ సంగతులు చెప్పు అంటాడు. నా ముందర వరసలో నలుగురుండారు, వాళ్ళ సంగతులు ఇంగా అయిపోల్యా.