ఉతికిన గొంగడి

చిక్కడపల్లి లైబ్రరీ నుంచి అతను అశోక్‌నగర్ హాస్టల్‌కు తిరిగొచ్చేసరికి, మంచం మీద ఉండాల్సిన తన గొంగడి మిద్దె మీద తాడుకు వేలాడుతూ నీళ్లోడుతోంది. అతను ముఖం ఆనించి వాసన చూశాడు. రూమ్మేట్ పక్కన నిలబడ్డాడు.

"ఎవడ్రా దీన్ని ఉతికింది?"

"నాకేం ఎర్క అన్న. పోనియ్, రూంల గొర్ల కంపు పోయింది."

"కంపు కాదురా, మా నాయిన వాసన. పోయేదాంక గిదే కప్పుకొని గొర్లు కాసిండు. ఇప్పుడు నిమ్మకాయ సబ్బు వాసనొస్తుంది. మన రూంల నిమ్మకాయ సబ్బు ఎవనిది?"

"నాదే."

"అంత అసయ్యమా నీకు?"

"అసయ్యం కాదన్న. మాకు గూడ మంద ఉండె. నా కోచింగ్ కోసం మా నాయిన మొత్తం అమ్మిండు. నువ్వు గొంగడి కప్పుకున్నప్పుడల్ల మా దొడ్డి యాదికొస్తది, పుస్తకం మూసి బస్సెక్కబుద్ధయితది. వారంల పరీక్ష ఉంది. అందుకే ఉతికిన."

"మరి ఇప్పుడు చదువు సాగుతుందా?"

"సాగుతుందన్న. సబ్బు పెట్టకముందు నానబెట్టిన నీళ్లు గదే వాసనతోని బకెట్ల గట్లనే ఉన్నయ్. పారబొయ్య చేతులు రాలే. పొద్దటి సంది ఆ బకెట్ పక్కకే కూసొని చదువుతున్న."