సత్తెమ్మ పెద్దమ్మ దండెం మీది తెల్ల చడ్డీలు

“తాతా, రికార్డింగ్ ఆన్ చేసిన. చడ్డీ అనే మాట మనోళ్ళు ఎట్లెట్ల వాడ్తరో చెప్పు. ఇంట్ల మాట్లాడే మాట ఒకటి తీసుకొని పెద్దోళ్ళను అడుగుమన్నరు కాలేజీల.”

ఇన్ని మాటలుండగా నీకు ఇదే దొరికిందా, సాయిలీ? నవ్వకమ్మా. నువ్వు నవ్వితే ఆ ఫోనులో నీ నవ్వే మిగులుతుంది, నా మాట మిగలదు. సరే, అడిగావు గనుక పద్ధతిగానే చెబుతాను. ఏ మాట మర్యాద ఆ మాటకు ఉంటుంది.

మన చంద్రపూర్‌లో ఈ మాటకు భాషాభేదం లేదు. మరాఠీ వాళ్ళదీ చడ్డీయే, హిందీ వాళ్ళదీ చడ్డీయే, మనదీ అదే. ఈ బాబుపేట్ సందుల్లో ఏ తల్లి “అరేయ్, చడ్డీ ఏస్కోరా” అని కేక పెట్టినా మూడు భాషల పిల్లలూ ఒక్కసారే పరుగెత్తేవాళ్ళు. వేసుకోవడానికి కాదు, తప్పించుకోవడానికి. పసివాడికి పైబట్టా అదే, లోబట్టా అదే. బడికి పోయేవాడి ఖాకీ లాగు కూడా చడ్డీయే. చిన్ననాటి స్నేహితుడు చడ్డీ దోస్తు. చిన్నవాడెవడైనా పెద్దరికం ఒలకబోస్తే, “నిన్న మొన్నటిదాంక చడ్డీ జారిపోయెటోడు, నాకు చెప్పొచ్చిండు” అంటారు. భయపడినవాడికి తడిసేది, అదీ చడ్డీయే. పెద్దయ్యాక మాత్రం, అదేం విచిత్రమో, ఆ మాట కూడా ప్యాంటు లోపలికి వెళ్ళిపోతుంది, నలుగురిలో బయటికి రాదు. నాగపూర్‌లో నేను చదివిన కాన్వెంటులో ఆ మాట పలికినవాణ్ణి బెంచీ ఎక్కించేవారు.

కానీ మాజ్రిలో బొగ్గు బాయి కాలనీ ఉండేది చూడు, అక్కడ దాని అర్థమే వేరు. బాయి అంటే బావి కాదమ్మా, మన వాళ్ళ మాటలో బొగ్గు గని. లోపల ఒకటే ఉక్క. దిగేవాడు చొక్కా, ప్యాంటు పైన గదిలో విడిచిపెట్టి, చడ్డీ బనియన్ల మీద, నెత్తిన దీపం పెట్టుకొని దిగేవాడు. అంటే అక్కడ చడ్డీ లోబట్ట కాదు, పనిబట్ట. చడ్డీని చూసి మనిషి ఏం పని చేస్తాడో చెప్పేవారు. చడ్డీని చూసి పిల్లనిచ్చేవారు. ఆఁ, నిజంగానే! అందులోనే మా రాజేశం అన్న పెళ్ళి చిక్కుకుంది. అది చెబితే నీకు మొత్తం అర్థమవుతుంది.

ముందుగా ఒక మనవి. ఈ సంగతి నేను కళ్ళారా చూసింది కాదు. అప్పుడు నేను నాగపూర్ హాస్టల్లో ఉన్నాను. మొదట రాజేశం అన్న నోట విన్నాను, బల్లార్షాలో ఒక బారసాల భోజనాల దగ్గర. ఆయన నవ్వు ఆపుకోలేక సగంలో వదిలేశాడు. తక్కిన సగం మా సత్తెమ్మ పెద్దమ్మ చెప్పింది, అంటే మా అమ్మకు అక్క, అన్నకు తల్లి. ఆమె మాత్రం నవ్వకుండా, కోర్టులో సాక్ష్యం చెప్పినట్టు చెప్పింది. చివరి ముక్క శాంత వదినది. ముగ్గురి మాటా కలిసినంతవరకు అలాగే చెబుతాను. కలవనిచోట కలవలేదని చెబుతాను.

పెద్దమ్మ వాళ్ళది కరీంనగర్ వైపు. పెదనాయన బొగ్గు పనికని మాజ్రి వచ్చాడు. ఆయన జ్వరంతో పోయాక ఆ ఉద్యోగం అన్నకు ఇచ్చారు. ఇంట్లో తల్లీ కొడుకూ, అంతే. పెద్దమ్మకు ఆస్తి అంటే ఆమె ఉతుకుడే. ఆమె ఉతికిన బట్ట కొంగలా ఉండేది. ఆ రోజుల్లో చడ్డీలన్నీ మార్కిన్ గుడ్డతో ఇంట్లోనే కుట్టేవారు, గజం మూడు రూపాయలేమో, కాదు కాదు, రెండున్నర. కాలనీలో అందరి దండేల మీదా నల్లటి చడ్డీలు, పెద్దమ్మ దండెం మీద తెల్లటివి. అటు పోయేవాళ్ళు ఆగి చూసేవారు. అదే అన్న కొంప ముంచింది.

ఎలాగంటావా? ఆ రోజుల్లో బాయిలో పర్మినెంటు కొలువున్న పిల్లవాడంటే రాజురా, కోర్పనా ఊళ్ళ రైతులు పిల్లనివ్వడానికి వరుస కట్టేవారు. అందుకని గేటు దగ్గర ఊరికే తిరిగే పోరగాళ్ళు కూడా మేం పర్మినెంటే అని చెప్పుకొనేవారు. నిజమేదో ఎలా తెలియాలి? దానికి ముసలమ్మలు ఒక ఉపాయం కనిపెట్టారు. పిల్లవాడి ఇంటికి పోగానే, కాళ్ళు కడుక్కుంటానని పెరట్లోకి పోవడం, దండెం చూడటం. చడ్డీ మసిబారి ఉంటే పిల్లవాడు నిజంగా బాయిలో దిగుతున్నట్టు. తెల్లగా ఉంటే అబద్ధమాడుతున్నట్టు. పైకి ఎవరూ ఒక్క మాట అనరు. వీళ్ళు కాళ్ళు కడుక్కున్నట్టు, వాళ్ళు నీళ్ళిచ్చినట్టు, అంత మర్యాదగా జరిగిపోయేది.

పెద్దమ్మకు ఈ పద్ధతి తెలియదు. మొదట ఒక పిల్ల తరఫువాళ్ళు వచ్చారు, పాయసం తాగారు, కబురు చేస్తామని పోయారు. కబురు లేదు. మళ్ళీ ఇంకొకరు, అదే తంతు. ఆ మధ్యలో అన్న చంద్రపూర్ మహాకాళి జాతరకు వెళ్ళి, రాజురా వైపు పిల్ల శాంతను చూసి వచ్చాడు. అప్పటి నుంచి అన్నం సహించదు. పక్కింటి కొమురయ్యతో, “కాకా, గా పిల్ల కాకుంటే నేను బాయిలనే ఉంట, పైకి రాను” అన్నాడట. కొమురయ్యదీ అదే బాయి, అదే షిఫ్టు. ఏనుగులాంటి మనిషి, మనసు వెన్న. ఆయనే మధ్యవర్తిగా పోయి శాంత వాళ్ళను ఒప్పించి, చూడటానికి రమ్మన్నాడు. ఆ తిరుగుడులోనే పాత సంబంధాలు ఎందుకు తప్పాయో ఆయన చెవిన పడింది. నేరుగా పెద్దమ్మ దగ్గరికి వచ్చాడు.

“వదినె, నీ కొడుకు పెండ్లి నీ సబ్బే ఆపుతుంది.”

“ఏం కూత కూస్తున్నవ్, కొమురయ్యా?”

“దండెం మీద చడ్డీలు పాల లెక్క మెరుస్తుంటే, పోరడు బాయిల దిగుతడంటే ఎవలు నమ్ముతరు? ఏ దుకాండ్లనో గల్ల కాడ కూసుంటడనుకున్నరు.”

“అయితే? మసి చడ్డీలు ఆరెయ్యాల్నా? నా దండెం మీదనా? నా పాణం పోయినా ఎయ్యను!”

అప్పుడు అన్న వచ్చి కాళ్ళ మీద పడ్డాడు. “అమ్మా, నీ కాళ్ళు మొక్కుత, గీ ఒక్క వారం నా చడ్డీలు ఉతకకే!”

ఏ కొడుకైనా తల్లిని ఇలా వేడుకొని ఉంటాడా చెప్పు? నవ్వు, నవ్వు, ఇక్కడ నవ్వవచ్చు.

పెద్దమ్మ సరేనంది. మనసు సరేనంది గానీ చెయ్యి వినలేదు. పెళ్ళివారు వచ్చే రోజు పొద్దున లేచి, ఏదో ఆలోచనలో, వారం చడ్డీలన్నీ తళతళలాడేట్టు ఉతికి ఆరేసింది. ఆరేశాక గుర్తొచ్చి నోటికి కొంగు అడ్డం పెట్టుకుంది. అప్పటికే పెళ్ళివారు రైలు దిగి వస్తున్నారు. కొమురయ్య పరుగున తన ఇంటికి పోయాడు. భార్య భూలక్ష్మి నల్లా దగ్గర నీళ్ళకు పోయి ఉంది. తన దండెం మీద, ఉతక్కముందు చెమట ఆరడానికి వేసిన మసి చడ్డీలు లాక్కొచ్చి, తెల్లవి తీసేసి, ఇవి వేశాడు. పెద్దమ్మ అటు చూడలేక ముఖం తిప్పుకుందట.

వచ్చినవాళ్ళు ఇద్దరే. శాంత తండ్రి మల్లేశం, నాయనమ్మ ఎల్లవ్వ. మల్లేశం నెమ్మదస్తుడు, చాయ తాగుతూ కూర్చున్నాడు. ఎల్లవ్వ కాళ్ళు కడుక్కుంటానని పెరట్లోకి పోయింది. చాలాసేపటికి తిరిగొచ్చి కూర్చుంది.

“సత్తెవ్వా, మీ ఇంట్ల మొగోళ్ళెందరు?”

“ఒక్కడే అత్తా. నా కొడుకు.”

ఎల్లవ్వ అన్న వైపు చూసి, “లే బిడ్డా, నిలబడు” అంది. నిలబడ్డాడు. “ఎన్కకు తిరుగు.” తిరిగాడు. అప్పుడు అన్న చీపురు పుల్లలా ఉండేవాడు.

“ఊఁ. దండెం మీది చడ్డీల నీ అసుంటోళ్ళు ముగ్గురు పడతరు. మరి అది ఎవలిది?”

ఆలోచించమ్మా. భర్త పోయిన మనిషి ఇల్లు. దండెం మీద ఎవరో భారీ మగవాడి చడ్డీ. సంబంధం సంగతి అటుంచు, పెద్దమ్మ పరువే ఆ తీగ మీద వేలాడుతోంది. కొమురయ్యే గబుక్కున అందుకున్నాడు.

“అది... ఉతికితే సాగింది, అత్తా.”

“సాగెతందుకు చడ్డీనా, రబ్బరా?”

సరిగ్గా అప్పుడే గుమ్మంలోకి భూలక్ష్మి వచ్చింది, నడుము మీద బిందెతో, గొంతెత్తి. “ఓ సత్తెక్కా! ఏ దొంగ సచ్చినోడో మా ఆయన చడ్డీలు ఎత్కపోయిండు! నీయి ఉన్నయా, పోయినయా?” అంటూనే పెరటి తలుపులోంచి దండెం చూసింది. బిందె దించింది. మొగుడి వైపు తిరిగింది.

“ఏమయ్యా, నీ చడ్డీకి గీ ఇంట్ల ఏం పని?”

ఇక్కడ ఇద్దరి మాటా కలవదు. కొమురయ్య తలుపు చాటుకు పోయాడని అన్న చెబుతాడు. ఆ తలుపు చాటున ఆయన ఎక్కడ పడతాడు, ఉన్నచోటనే చాయ గ్లాసులో తల పెట్టి కూర్చున్నాడని పెద్దమ్మ చెబుతుంది. నేను పెద్దమ్మ మాటే నమ్ముతాను. మల్లేశం మాత్రం గ్లాసు కింద పెట్టి, తువ్వాల భుజాన వేసుకొని లేచాడు. అన్న ముఖం పాలిపోయింది. శాంత ఇక దక్కదు.

అప్పుడు పెద్దమ్మ లేచి వాకిట్లో అడ్డంగా నిలబడింది. “పోయెటోళ్ళు పోదురు గని, నా మాట ఇని పోండ్రి” అని, జరిగిందంతా ఒక్క ఊపిరిలో చెప్పేసింది. తెల్లవి చూసి పోయిన సంబంధాలు, కొడుకు కాళ్ళ మీద పడటం, కొమురయ్య తెచ్చి వేయడం, ఏదీ దాచలేదు.

ఎల్లవ్వ తల అడ్డంగా ఊపింది. “బొగ్గు మసి గంత తెల్లగ ఎట్ల పోతది? ముసలిదాన్నే గని, పిచ్చిదాన్ని కాను.”

“పోదా? రా అత్తా, రా!”

ఎల్లవ్వ చెయ్యి పట్టుకొని పెరట్లోకి లాక్కుపోయింది. దండెం మీద అన్నిటికంటే పెద్ద చడ్డీ లాగింది. దాన్ని ముందు తడపలేదు. అక్కడే ఉంది కిటుకు. బొగ్గు పొడి తడిస్తే నూలును పట్టుకుంటుందట. అందుకని గోడకేసి పొడిగానే బాదింది. దబ్, దబ్! నల్లటి మేఘం లేచి మల్లేశం తెల్లపంచె మీద దిగింది. తరువాత సోడా వేసిన వేడినీళ్ళు, తరువాత బండ. షిఫ్టు దిగి వస్తున్న బాయి మనుషులంతా గోడ మీద వరుసగా నిలబడ్డారు. “కొట్టు సత్తెక్కా, కొట్టు! గది కొమురన్నదేనా? అరె, తెల్లబడుతుందిరో!” అని అరుపులు. భూలక్ష్మి కోపం మరిచిపోయి నీళ్ళు పోస్తోంది. కొమురయ్య ఒక్కడే వీపు తిప్పి నిలబడ్డాడు. తన చడ్డీ ఊరందరి ముందూ దెబ్బలు తింటుంటే ఎలా చూస్తాడు?

ఆఖరికి నీలిమందులో ముంచి, పిండి, దులిపి ఎల్లవ్వ ముఖం ముందు పెట్టింది. ఎల్లవ్వ వేళ్ళతో నలిపింది, ఎండకు పట్టింది, వాసన కూడా చూసింది.

“నా నోరు పడిపోను! మల్లేశం, తువ్వాల కింద పెట్టు. పోరడు బాయిల దిగుతడు, నిజమే. గిసొంటి అత్త మన పిల్లకు మల్ల దొరకదు.” తరువాత పెద్దమ్మతో మెల్లగా, “మా శాంతకు గీ ఇద్దె నేర్పుతవా?” అంది.

“ముందుగాల పిల్లను పంపు అత్తా. నేర్పుడు తర్వాత సూద్దాం.”

అలా ఖాయమైంది. మరునాడు కొమురయ్య ఆ తెల్ల చడ్డీతోనే బాయిలో దిగాడు. చీకట్లో అందరి దీపాలూ దాని మీదే. “ఏం కొమురన్నా, పెండ్లి రాజేశానికా, నీకా?” అని వారం రోజులు ఏడిపించారట.

ఇప్పుడు శాంత వదిన ముక్క. పెళ్ళయ్యాక చాలా ఏళ్ళకు నాతో అంది.

“మా నాయినమ్మ చడ్డీలు సూసింది మరిదీ. నేను జాతరలనే కండ్లు సూసిన. ఎంత కడిగినా బాయిల దిగెటోని రెప్పల కాడ మసి గీత పోదు, కాటుక పెట్టినట్టుంటది. గది సూసే ఊఁ అన్న.”

“మరి అంత రభస కాకముందే మీ నాయనమ్మకు చెప్పకపోయారా వదినా?”

“చెప్తే, జాతరకు పోయి అమ్మవారిని మొక్కినవా, మొగోళ్ళ కండ్లు సూసినవా అని నా ఈపు చింతపండు చెయ్యకపోవునా?”

ఇక వాళ్ళంతా ఏమయ్యారంటావా? ఎల్లవ్వ నిండు వయసులో పోయింది. పోయేదాకా ఏ పెళ్ళివారింటికి వెళ్ళినా దండెం మీది చడ్డీని చూసి ఊరుకునేది కాదు, వాసన చూసేది. ఆమెను తీసుకుపోవాలంటేనే చుట్టాలు భయపడేవారు. మల్లేశం అదే పొలంలో పత్తి పండించుకుంటూ మొన్నటిదాకా ఉన్నాడు. కొమురయ్య రిటైరై పెద్దపల్లి వైపు వెళ్ళిపోయి, అక్కడే కాలం చేశాడు. భూలక్ష్మి ఇప్పటికీ ఉంది. ఆ రోజు తరువాత మొగుడి ప్రతి చడ్డీకీ ఎర్రదారంతో పూవు కుట్టి మరీ ఆరేసిందట, ఏ ఇంట్లో తేలినా గుర్తుపట్టడానికి.

పెద్దమ్మ ఇద్దె, అదే ఆ ఉతికే విద్య, వదినకు అబ్బలేదు. వదిన వాషింగ్ మెషిన్ కొనుక్కుంది. పెద్దమ్మ చివరి రోజుల్లో దాని ముందు పీట వేసుకొని, అద్దంలోంచి చూస్తూ, “కొట్టు, ఇంక గట్టిగ కొట్టు” అని దాన్ని గదమాయించేది. ఒక మధ్యాహ్నం, బట్టలు తిరుగుతుండగానే, గోడకు ఆనుకొని నిద్రలోనే పోయింది. మంచి చావు.

అన్న, వదిన రాజురాలో ఉన్నారు. రిటైరయ్యాక అన్న రెప్పల మీది ఆ మసి గీత మెల్లమెల్లగా చెరిగిపోయింది. “పొద్దుగాల లేసి సూస్తే ఇంట్ల ఎవలో పరాయి మొగోడు తిరుగుతున్నట్టే ఉన్నది మరిదీ” అంటుంది వదిన. అందుకని పండుగ నాడు ఆయనను పట్టి కూర్చోబెట్టి, గడ్డం ఎత్తి, రెండు కళ్ళకూ తానే కాటుక పెడుతుంది. డెబ్బై దాటిన మనిషి కదలకుండా కూర్చుంటాడు, సిగ్గుపడుతూ... నేను చూశాను. ఇది మాత్రం నా కళ్ళతో చూశాను.

చాలించు తల్లీ, ఇక ఫోను ఆపు. ఇంత నవ్వు నీ మొహాన ఎప్పుడూ ఇలాగే ఉండాలి, నీతో కలిసి నవ్వే పిల్లవాడు కూడా తొందరగా... ఆఁ, సరే సరే, చెప్పనులే, ఆపు.