నిండు పియాలా

వానల భాండాగారంలో, మూతి బిగించిన కూజాల మధ్య, కొత్త భాండాగారిణి ఓయ్‌గుల్ 'ఆకా', అంటే అన్నా, అని పిలిచే తన పై అధికారికి పియాలా అడుగున కాస్తంత చాయ్ పోసింది. అతిథికి నిండా పోస్తే ఇక లేచి వెళ్లమన్నట్టే.

"ఆ వరస కూజాలు ఖాళీగా ఉన్నాయేంటమ్మా?"

"విప్పేశాను, ఆకా. ఏ ఊరి వాన ఆ ఊరికి పంపించాను."

"మన ఏలిక ఖాన్ ముద్ర లేకుండానా?"

"ఖాన్ పోయింది మా ముత్తాత కాలంలో. గోరీలోంచి లేచొచ్చి వేస్తాడా ముద్ర?"

"వేసేదాకా ఆగాలి. అదే పద్ధతి."

"పద్ధతా! అక్కడ పుచ్చతీగలు మాడిపోతున్నాయి, గొర్రెలు నాలుకలు వేలాడేసి చస్తున్నాయి. వాళ్ల వాన ఇక్కడ బూజు పట్టాలా?"

"గొంతు తగ్గించు. ఇన్నాళ్లూ అందరూ ఆగలేదూ?"

"మీ అమ్మగారి ఊరి కూజా మీదే అన్నిటికంటే ఎక్కువ బూజుంది. ఎప్పుడైనా తలెత్తి చూశారా?"

అతను పియాలా కింద పెట్టాడు.

"రేపట్నుంచి నీకీ ఉద్యోగం ఉండదు, తెలుసా?"

"తెలుసు. అందుకే మిగతావన్నీ పొద్దున్నే విప్పేసి, ఉత్త మూతులు బిగించి పెట్టాను."

కిటికీ రెక్క మీద టప్పున ఒక చినుకు పడింది. ఓయ్‌గుల్ అతని పియాలా దగ్గరికి లాక్కుని, అంచు దాటి పొర్లేదాకా చాయ్ పోసింది.

"తాగండి, ఆకా."