ఫైర్‌వాల్ మీద బొట్టు

వనపర్తిలోని ఆ చిన్న దవాఖానలో, ఇంటర్నెట్టుకు కాపలా ఉండే పాత ఫైర్‌వాల్ పెట్టెలోకి, అక్కడి కంప్యూటర్లు చూసే సుహాసిని కొత్త మేనేజ్‌మెంట్ సాఫ్ట్‌వేర్ ఎక్కిస్తోంది. పని సగంలో ఉండగానే, పాన్‌గల్ నుంచి పక్షవాతం వచ్చిన మనిషిని తెస్తున్నారని ఫోన్ వచ్చింది. ఆమె పెట్టె మీద రెండుసార్లు తట్టి చూసింది. ఆయా అనంతమ్మ పక్కనే నిలబడింది.

“ఏంది బిడ్డా, గంత పరేషాన్ అయితున్నవ్?”

“తల స్కాన్ హైదరాబాద్ డాక్టర్ చూస్తెనే ఆ మనిషికి సూది ఇస్తరమ్మా. ఆ బొమ్మలు ఈ డబ్బలకెళ్లే పోవాలె. ఇదేమో ఉలుకదు, పలుకదు.”

“మల్ల ఏం చేస్తవ్?”

“స్విచ్ బంద్ చేసి మల్ల ఏస్త.”

“మరి చెయ్యి, ఇంకేంది!”

“సాఫ్ట్‌వేర్ ఇంకా ఎక్కుతుండంగ బంద్ చేస్తే, ఈ డబ్బ మల్ల లేవనే లేవదు. ఎక్కుతుంటే ముందల పచ్చలైటు మిణుకుమిణుకుమంటది, ఎక్కినంక నిలకడగ ఎలుగుతది. లైటే లేదంటే, ఆగిపోయినట్టే గద.”

ఆమె చేయి స్విచ్ మీదికి వెళ్లింది.

“ఆగు, ఆగు! ఆ లైటు యాడుంటది?”

“గీడనే, నడిమిట్ల.”

“అయ్యో! దసరా పూజకు నేను గాడనే బొట్టు పెట్టిన. గంధం జర మందంగనే రాసిన.”

అనంతమ్మ కొంగుతో గట్టిగా రుద్దింది. ఎండిన గంధం పెచ్చులుగా రాలింది. అడుగున పచ్చలైటు మిణుకుమంటోంది. సుహాసిని స్విచ్ మీది నుంచి ఒక్కొక్క వేలే తీసింది.

వాకిట్లో ఆంబులెన్సు ఆగేసరికి, లైటు నిలకడగా వెలిగింది.

“పో అమ్మా, స్కాన్ తీసి పంపుమను.”

“పోత గని బిడ్డా, వచ్చే దసరాకు బొట్టు ఎనకదిక్కు పెట్టొచ్చునా?”