తవుడుకు కొన్న పేరు

హలో… ఆ, నేనేరా, మీ అక్కనే. అమీర్‌పేటల జిరాక్స్, టైపింగ్, అన్ని రకాల ఫారాలు నింపబడును… ఆ కమలకుమారినే. ఇంకెవరెత్తుతరు ఈ ఫోను?

… ఏం, ఆఫీసుకు పోలేదా? … ఓహో, ఇంటికాడనే. బాల్కనీల నిలబడ్డవా? గుసగుస ఎందుకురా, మధురానగర్ల పోలీసోళ్ళు గిట్ల తిరుగుతున్నరా?

… ఆ, ఉన్నది ఫారం. పుట్టిన సర్టిఫికెట్‌దే గద. రేపు ఇరవై ఒకటోనాడు, పేరు పెట్టుడు గద, ఇయ్యాలనే కొట్టి పెడుత. తండ్రి పేరు వివేక్, తల్లి పేరు శ్రీలేఖ, ఆడబిడ్డ… ఇగ బిడ్డ పేరు చెప్పు.

… ఎన్ని?

… నాలుగు వందలా! ఇంటర్నెట్ల తీసినవా? ఒక్క పిల్లకా, ఊరంతకా?

సరే, సదువు. … కియారా. వినటానికి మంచిగనే ఉన్నది. అంటే ఏంది? … ఐర్లండుల నలుపు. … గదే పేరు ఇటలీల వెలుగా! వారెవ్వా. మన పిల్ల విమానమెక్కితే నడిమిట్ల రంగు మారుతదేమోరా.

ఇంకోటి చెప్పు. … క్లాడియా. … కుంటిదా? … సిసిలియా? … గుడ్డిదా! … నువ్వెందుకు నవ్వుతున్నవ్, నవ్వాల్సింది నేను. దొరలు బిడ్డలకు కుంటిది, గుడ్డిది అని పెట్టుకుంటే లాటిన్ భాష. మన అమ్మ కొడుకుకు పెంటయ్య అని పెట్టుకుంటే పల్లెటూరి మొరటుతనం. అంతేనా?

… …

ఏం, నీ పాత పేరు ఎత్తితే గుచ్చుకున్నదా? నేనెట్ల మరుస్తరా? “పెంటయ్య అను నేను ఇకమీదట వివేక్ అని పిలువబడుదును.” ఈ షాపుల కూసొనే టైపు కొట్టిన. కంప్యూటర్ కోర్సుల హాజరు పిలిస్తే క్లాసంత నవ్విందని మొఖం ముడుసుకొని వస్తివి. పేపర్ల ప్రకటన సుత ఏయిస్తివి.

— ఆగమ్మా, రెజ్యూమె ఎన్ని కాపీలు? … యాభయ్యా? అన్ని కంపెనీలున్నయా హైదరాబాదుల! కూసో, మిషిను వేడెక్కింది.

ఆ, చెప్పురా. … ఏమన్నవ్? … జర గట్టిగ, బస్సుల లొల్లికి ఇనవడ్తలేదు.

… …

ఛీ. గట్ల అనకు.

… ఎవరు చెప్పిండ్రు నీకు? … నీ అంతట నువ్వే అనుకున్నవా! అమ్మ పెట్టిన పేరు తీసి పారేసినవని, అందుకే మొదటి ఇద్దరు పిల్లలు దక్కలేదని? … మూడేండ్ల సంది గిదే కడుపుల పెట్టుకొని తిరుగుతున్నవా? … ఇప్పుడు దీనికేమైతదో అని రాత్రంత ముక్కు కాడ వేలు పెట్టి చూస్తున్నవా?

ఎం.సి.ఏ. సదివినవ్‌రా. ఆఫీసుల నీ కింద పన్నెండు మంది. యముడు పొద్దుగాల లేసి చాయ తాక్కుంట పేపర్ల చిన్న ప్రకటనలు సదువుతడా? “అరే, గీ పెంటయ్య వివేక్ అయిండు, రాసుకోర్రి” అంటడా?

… ఏడ్వకు. … కోపం చేస్తలేనురా. ఇను.

నీ ముందు అమ్మకు ఇద్దరు మగపిల్లలు పోయిండ్రు. నువ్వు పుట్టంగనే చాటల పండవెట్టి పెంటకుప్ప మీద పెట్టిండ్రు. నాకు ఆరేండ్లు, చూసిన. “ఎవరో పారేసిన పిల్లగాడు” అనుకుంట మన మేనత్త గుప్పెడు తవుడిచ్చి కొనుక్కొచ్చింది. మంచి సరుకైతే పైనోడు ఎత్తుకపోతడని భయం. అమ్మ నిన్ను గా పేరు కింద దాచిపెట్టింది.

… మనమొక్కళ్ళమే అనుకున్నవా? పక్క షాపు మక్సూద్ భాయ్ వాళ్ళ తాత పేరు ఘసీటా. ముందటోళ్ళు దక్కలేదని పుట్టంగనే చాటల పెట్టి వాకిలంత గుంజిండ్రట. గుంజబడ్డోడు అని పేరు. … చైనాల సుతనా? … నీ లిస్టుల రాసి ఉన్నదా? … కుక్క తినంగ మిగిలినోడు! భలే. ఏ దేశపు అమ్మైనా ఒక్కటే బళ్ళె సదివినట్టున్నది.

… … మరి ఇప్పుడేమంటవ్? … రేపు నేనొచ్చి పిల్లను కొనాలెనా?

అబ్బో! … ఏంది? శ్రీలేఖకు తెల్వద్దా? … కాకినాడ పిల్ల, సైన్సు సదివింది, నవ్వుతదనా? అత్తగారు అరుణాదేవి గారు “ఏంటండీ ఈ అనాగరికం” అంటదనా?

సరే గానీ, పెంటకుప్ప యాడున్నదిరా మీకు? బంజారా హిల్స్‌ల అయితే చెత్తకు సుత వాచ్‌మన్ ఉంటడు. మీ గల్లీల కుండీ కాడ పెడితే బిడ్డను పారేస్తున్నవని పంజగుట్ట ఠాణాకు పట్టుకపోతరు. పేరు అడుగుతరు అక్కడ. ఏ పేరు చెప్తవ్?

… హమ్మయ్య, నవ్వినవ్. ఇగ నేనొకటి చెప్తే నవ్వొద్దు.

నిన్న నీ పెండ్లాం ఫోన్ చేసింది. … బాత్రూంలకెల్లి. నీళ్ళ నల్ల విప్పి పెట్టి. “వదినగారూ, ఎల్లుండి మీరే వచ్చి పాపని కొనాలండీ. ఆయనకి మాత్రం చెప్పకండి, చదువుకున్న మనిషి, నవ్వుతారు” అన్నది. నాతోటి ఒట్టేయించుకున్నది. ఇగో, ఆ ఒట్టు తీసి గట్టు మీద పెట్టిన.

… అబద్ధమా? పోయి మీ మంచం కింద చూడు. కొత్త చాట, బోరబండల బర్రెలోళ్ళ కాడ తెచ్చిన తవుడు. పొద్దున నువ్వు పాలకు పోయినప్పుడు మక్సూద్ భాయ్‌తోని పంపిన.

… దొరికిందా? … శ్రీలేఖ చూసిందా? … ఇద్దరు ఒకల మొఖం ఒకలు చూసుకుంట నిలబడ్డరా! బాగున్నది సంసారం.

… ఫారంల ఏం రాయాలెనా? నాలుగు వందలల్ల మీ ఇద్దరికి నచ్చింది రాయుర్రి. కుంటిదైనా, గుడ్డిదైనా. అది మునిసిపాలిటోళ్ళకు. ఇంట్ల పిలిచే పేరు నాది.

… పిల్ల లేసిందా? ఫోను దాని చెవి కాడ పెట్టు. … పెట్టురా అంటే.

ఏయ్ పెంటమ్మా! ఇంటున్నవా? నేను నీ మేనత్తను. కాకిపిల్ల లెక్కున్నవటనే. వంకర ముక్కట. గుప్పెడు తవుడు సుత దండుగ నీకు. నిన్నెవరు ఎత్తుకపోతరే? … ఎవ్వరు ఎత్తుకపోరు. గతిలేక నేనే కొంటున్న.

… … ఓరి, ఏం గొంతురా దీనిది! … ఛీ ఛీ, పాడు గొంతు. పగిలిన కుండ గొంతు.

… వద్దు, ఊకోవెట్టకు, ఏడ్వనియ్. నీ ఫోన్ల బ్యాలెన్స్ అయిపోతే అయిపోనియ్. మొదటి ఇద్దరు గా దవాఖాన అద్దాల పెట్టెలకెల్లి ఇంటికే రాలే… వాళ్ళ ఏడుపు ఒక్కసారన్న ఇనలే నేను… జర దగ్గరికి పెట్టు. … ఇంకింత దగ్గరికి…

హలో? … హలో?