గ్లార్జిన్, రోజుకు ఒక్కసారి

సభాధ్యక్షులైన పెద్ద డాక్టరు గారికి, వారి పక్కన పూలగుత్తిని బల్ల మీద పెట్టాలో ఒళ్ళో ఉంచుకోవాలో తేల్చుకోలేక రెండు చేతులతో పట్టుకుని కూర్చున్న, ఇవాళ రిటైరవుతున్న మన ఫార్మసిస్టు గారికి, నర్సమ్మలకు, ఆఫీసు వారికి, నాతోపాటు ఆ మందుల కిటికీ ముందు ఏళ్ళ తరబడి వరసలో నిలబడి మోకాళ్ళు అరగదీసుకున్న మిత్రులందరికీ నమస్కారం.

నాకు పది నిమిషాలు ఇచ్చారు. నాకు ముందు మాట్లాడిన మేనేజరు గారు తన పది నిమిషాలకు పదిహేడు తీసుకున్నారు. ఆ ఏడూ నా వాటాలో తగ్గిస్తారా అని అడిగాను. తగ్గించం అన్నారు. కనుక మొదలుపెడుతున్నాను. (నవ్వులు) నవ్వకండి, కాగితంలో ఎక్కడున్నానో తప్పిపోతాను.

ఈ ఆసుపత్రి మందుల కౌంటరు వాడుకునేవాళ్ళలో అందరికంటే పాతదాన్ని నేనేనట, అందుకని పిలిచారు. పందొమ్మిదేళ్ళు, నెలకోసారి. అంటే రెండు వందల ఇరవై ఎనిమిది సార్లు. అందులో ఏడుసార్లు మా అమ్మాయి వెళ్ళింది. మిగిలినవి నావి. రెండు మంచి మాటలు చెప్పమన్నారు. మంచి మాటలు మేనేజరు గారు చెప్పేశారు. నేను వచ్చింది వేరే పని మీద. ఫార్మసిస్టు గారి ఉద్యోగపు ఫైల్లో ఒక తప్పు ఉంది. సాయంత్రం అయిదింటికి ఆ ఫైలు మూసి, దారం కట్టి, పాత రికార్డుల గదిలో పడేస్తారని గుమాస్తా గారు చెప్పారు. ఇప్పుడు మూడూ ఇరవై. ఆలోపల ఆ తప్పు దిద్దాలి. దాన్ని దిద్దగలిగేది నేనొక్కదాన్నే, ఎందుకంటే అది రాసింది నేనే.

మొదటినుంచీ చెబుతాను. ఉద్యోగరీత్యా నేను గ్రంథాలయంలో పట్టికలు రాసినదాన్ని, ముప్పై ఒక్క ఏళ్ళు. ఇంటికొచ్చినా ఆ అలవాటు పోలేదు. మా ఆయనకు షుగరు. సూది వేసేది నేను, పుస్తకం రాసేది నేను, ఆయన చేయవలసింది చొక్కా పైకెత్తడం ఒక్కటే, దానికీ రెండుసార్లు పిలవాలి. అదుగో, రెండో వరుసలో కూర్చుని నిద్రపోతున్నారు. ఎవరూ కంగారు పడొద్దు. బయలుదేరేముందు చూశాను, నూట ఇరవై ఆరు. అది మామూలు నిద్రే. (నవ్వులు)

నా పుస్తకం పద్ధతి ఇది. ఒక మందుకు ఒక గీత. ఆ గీత మీద మందు పేరు, మోతాదు, వేళ. వేయగానే టిక్కు. మందు ఆపమని డాక్టరు గారు చెబితే తప్ప గీత కొట్టేయను. అలాంటి పుస్తకాలు ముప్పై నాలుగు ఉన్నాయి. ఈ పద్ధతి ఎంత మంచిదో మా పిల్లలకు చాలాసార్లు చెప్పాను. వాళ్ళు వినలేదు. ఒకందుకు మంచిదే అయింది.

ఇక ఫార్మసిస్టు గారి పద్ధతి మీకందరికీ తెలుసు. మనం చీటీ ఇచ్చాక, ఆయన పెట్టె తీసి బల్ల మీద పెట్టి, దానిమీద చెయ్యి తీయకుండా మూడు ప్రశ్నలు అడుగుతారు. పేరు చెప్పండి. రోజుకు ఎన్నిసార్లు? ఇంట్లో పాతది ఏమైనా మిగిలిందా? మూడింటికీ జవాబు వచ్చేదాకా చెయ్యి లేవదు. వెనకాల వరస గేటు దాకా పోయినా లేవదు. అందుకే ఆయన అసలు పేరు సగం మందికి తెలియదు, 'పేరుచెప్పండి గారు' అంటే తెలుస్తుంది. బస్సు డ్రైవరు గారు వచ్చారా? ఆ, మూలన ఉన్నారు. ఆయన ఇన్సులిన్ మొదలుపెట్టిన నెలలో ఆయన వెనక నిలబడింది నేనే.

"పేరు చెప్పడానికి ఇదేమన్నా బడా? పెట్టె ఇవ్వవయ్యా" అన్నారీయన.

"పేరు చెప్పండి బాబాయ్."

"తెల్ల పెట్టె. నీలం గీత."

"అది పెట్టె వాలకం. మందు పేరు చెప్పండి."

"గ్లా… గ్లాసు."

"సగం వచ్చింది. మిగతా సగం మీ వెనకున్న పెద్దావిడను అడగండి."

నేను చెప్పాను. గ్లార్జిన్. డ్రైవరు గారు నావైపు తిరిగి, "మీ ఇంట్లో ఎవరికైనా ఈ పేరు పెట్టుకున్నారా, అంత బాగా పలికారు" అన్నారు. (నవ్వులు) పెట్టుకోలేదు. కానీ నాకు ఆ పేరు అంత బాగా ఎందుకు వచ్చో చెప్పడానికే ఇక్కడ నిలబడ్డాను.

పేరు సంగతి ఒకసారి ఫార్మసిస్టు గారినే అడిగాను. పట్టికలు రాసినదాన్ని, పేరుకు పుట్టుక తెలియకపోతే నాకు కాగితం మీద పెన్ను కదలదు. వరస లేని పూట, చీటీ వెనక బొమ్మ గీసి చెప్పారు. ఇన్సులిన్ అంటే పూసల గొలుసులాంటిదట. ఒకచోట ఒక పూస తీసి గ్లైసిన్ అనే పూస పెట్టారు, చివర ఆర్జినిన్ అనే పూసలు రెండు చేర్చారు. ఆ రెండు పేర్లలోంచి చెరో ముక్క తీసి కలిపితే గ్లార్జిన్. ఆ మార్పు వల్ల అది చర్మం కింద సన్నటి రవ్వల్లా నిలిచి, కొంచెం కొంచెంగా కరుగుతూ, రోజు పొడవునా పనిచేస్తుంది. అందుకే రోజుకు ఒక్కసారి, రోజూ అదే వేళకు. నీళ్ళలా తేటగా ఉండాలి, మబ్బుగా కనిపిస్తే వాడకూడదు. ఇంకో ఇన్సులిన్‌తో కలపకూడదు. మందు నింపి వచ్చే సూది పెన్నును వాడడం మొదలుపెట్టిన ఇరవై ఎనిమిది రోజులకు, మందు మిగిలినా సరే, పక్కన పెట్టేయాలి. ఇక కంపెనీవాళ్ళు ఎవరికి వాళ్ళు తమ పెట్టె మీద పెద్ద అక్షరాలతో వేసుకునే పేరు వేరే. ఆ పేరు కంపెనీది. కింద చిన్న అక్షరాలతో ఉండేది మందుది. మనందరం పెద్ద అక్షరాలే చదువుతాం, అద్దాలు ఉన్నవాళ్ళం కూడా.

ఈ బొమ్మ ఆయన నాకు గీసి చూపించింది తప్పు జరిగిపోయాక. జరిగింది పదకొండేళ్ళ కిందట.

ఆ నెల మాకు అలవాటైన పెట్టె స్టాకు లేదు. ఇంకో కంపెనీ పెట్టె ఇచ్చారు. అదే గ్లార్జిన్, అదే బలం, పైన పేరు వేరు. అప్పటికి ఇంట్లో పాత పెన్ను సగం ఉంది. నేను ఇంటికి వచ్చి, నా పద్ధతి ప్రకారం, కొత్త పేరుకు కొత్త గీత గీశాను. పాత గీత కొట్టేయలేదు, ఆపమని డాక్టరు గారు చెప్పలేదు కనుక. మర్నాడు పొద్దున ఏడింటికి పాత పెన్నుతో పద్దెనిమిది యూనిట్లు, టిక్కు. కొత్త పెన్నుతో పద్దెనిమిది యూనిట్లు, టిక్కు. ఒకే మందు, రెండింతలు. మీరు నవ్వడం లేదు. మంచిదే.

గ్రంథాలయంలో మొదటి వారమే నేర్పే పని ఒకటుంది. ఒకే పుస్తకం రెండు పేర్లతో చలామణీ అవుతుంటే, రెండో పేరు కింద ఒక చిన్న చీటీ పెడతాం. దాన్ని 'చూడుము' చీటీ అంటాం. ఫలానా పేరు కోసం ఫలానా పేరు చూడుము. అలాంటివి నా చేత్తో కొన్ని వేలు రాశాను. మా ఆయనకు మాత్రం ఒక్కటి రాయలేకపోయాను.

మొదటిరోజు షుగరు బాగా దిగింది. కొత్త పెట్టె మంచిదనుకున్నాను. రెండో రోజు పదకొండున్నరకు వంటింట్లోంచి వచ్చి చూస్తే ఆయన పేపరు తలకిందులుగా పట్టుకుని చదువుతున్నారు, చొక్కా తడిసి ఒంటికి అతుక్కుపోయింది. "ఏమిటండీ" అన్నాను. "వార్తలు బాగున్నాయి" అన్నారు. పెళ్ళయిన దగ్గరనుంచీ వార్తలు బాగున్నాయని ఆయన ఏనాడూ అనలేదు. అప్పుడు భయం వేసింది. చూస్తే నలభై ఒకటి.

పంచదార నీళ్ళు తాగించాను. తొంభైకి లేచింది. అయిపోయిందనుకున్నాను. గంట తర్వాత మళ్ళీ యాభై. రోజంతా పనిచేసే మందు మంచికైనా చెడుకైనా రోజంతా పనిచేస్తుంది, ఆ సంగతి నాకప్పుడు తట్టలేదు. కౌంటరుకు ఫోను చేశాను. ఈయనే ఎత్తారు.

"పాత పెన్ను కూడా వేస్తున్నారా అమ్మా?"

"ఆపమని ఎవరూ చెప్పలేదు."

"మళ్ళీ పంచదార నీళ్ళు ఇచ్చి వెంటనే బండిలో తీసుకురండి. రేపటిదాకా ఇక్కడ ఉండాల్సి వస్తుంది. రెండు పెన్నులూ తెండి" అన్నారు.

మేం వచ్చేసరికి ఆయన కౌంటరు మూసి, చక్రాల కుర్చీ పట్టుకుని గేటు దగ్గర నిలబడి ఉన్నారు. పనివేళలో కౌంటరు మూయకూడదు. అది కూడా తర్వాత ఎవరో ఆయన ఫైల్లో రాసి పెట్టారట. అది మాత్రం నేను కాదు.

మా ఆయన ఒకటిన్నర రోజు గ్లూకోజు సీసా కింద ఉన్నారు. గంటగంటకూ వేలు పొడిచి చూశారు. ఈయన తన పని మధ్యలో రెండు గంటలకోసారి వార్డుకు వచ్చి, మంచం చివర వేలాడే కాగితం చూసి వెళ్ళేవారు. ఆసుపత్రిలో చేరిన మూడోరోజు మేం ఇంటికి వెళ్ళాం. నాలుగోరోజు నేను కూర్చుని ఈయన మీద ఫిర్యాదు రాశాను. నాలుగు పేజీలు. మందు మార్చిన సంగతి నాకు చెప్పకుండా పెట్టె చేతిలో పెట్టారని. దానిలో ఒక్క అక్షరదోషం లేదు. ఒక్క అబద్ధం ఉంది.

అబద్ధమని రాసేటప్పుడు నాకు తెలియదు. రెండు వారాల తర్వాత పుస్తకం నిండి, కొత్త పుస్తకంలోకి గీతలు ఎక్కిస్తుంటే కనిపించింది. మందు తెచ్చిన రోజు పేజీ అంచున, పెన్సిలుతో, నా చేతిరాతే. 'అదే మందు అన్నారు, కనుక్కోవాలి.' అప్పుడు గుర్తొచ్చింది. ఆయన చెప్పారు. ఆయన చెబుతున్నప్పుడు నేను వెనక్కి తిరిగి, వరస దాటి ముందుకొస్తున్న ఒకావిడకు క్రమశిక్షణ గురించి చెబుతున్నాను.

కనుక్కోవాలి అని రాసుకుని కనుక్కోలేదు. తెలిశాక వెనక్కి తీసుకోలేదు. ఇంత వయసొచ్చి, వీధిలో అందరి లెక్కలూ దిద్దేదాన్ని, వెళ్ళి నాదే తప్పని ఎలా చెప్పడం అనుకున్నాను. వచ్చే నెల చెబుదామనుకున్నాను. మరుసటి నెల వెళ్ళేసరికి ఆయన పెట్టె మీద చెయ్యి పెట్టి మొదటిసారి అడిగారు. పేరు చెప్పండి. రోజుకు ఎన్నిసార్లు? ఇంట్లో పాతది ఏమైనా మిగిలిందా? నన్ను దెప్పుతున్నారనుకుని మొహం గంటు పెట్టుకుని చెప్పాను. తల తిప్పి చూస్తే నా వెనకావిడనూ అడుగుతున్నారు. ఆవిడ వెనకాయన్నూ. ఆరోజు నుంచి నిన్నటిదాకా ఒక్కరినీ వదల్లేదు. మీరు ఇన్నేళ్ళూ విసుక్కున్న ఆ మూడు ప్రశ్నలూ నావల్ల పుట్టినవి. విసుగు ఇకమీద నా ఖాతాలో రాసుకోండి.

మొన్న మేనేజరు గారు నన్ను పిలవడానికి ఫోను చేసి, "పైగా మీరొకప్పుడు ఆయన మీద ఫిర్యాదు కూడా ఇచ్చారు కదమ్మా, ఇప్పుడు మీరే పొగిడితే ఇంకా రక్తి కడుతుంది" అన్నారు. ఆ ఫిర్యాదు ఏమైందని అడిగాను. "ఏమవుతుంది, ఫైల్లో ఉంది. స్టోరు ఇన్‌ఛార్జి పోస్టు ఖాళీ అయినప్పుడు ఈయన ఫైలు తీశారు, అది కనబడింది, మూసేశారు." ఎన్నిసార్లు అన్నాను. రెండుసార్లు అన్నారు.

స్టోరు ఇన్‌ఛార్జికి కుర్చీ ఉంటుంది. కౌంటరులో ఉండదు. ఆయన పదకొండేళ్ళు నిలబడ్డారు. నెలనెలా కిటికీకి ఇవతల నేనూ నిలబడ్డాను, ఒక్కోసారి పావుగంట, కాళ్ళు నొప్పులని ఆయనకే చెప్పుకున్నాను. ఆయన ఒకసారి లోపలినుంచి ఖాళీ డబ్బా తెచ్చి, కూర్చోమని ఇచ్చారు.

నిన్న ఈ కాగితం మా ఆయనకు చదివి వినిపించాను. అంతా విని, "ఆ సంగతి నాకు తెలుసు" అన్నారు.

"ఎలా తెలుసు?"

"పెన్సిలుతో రాశావుగా. నీ పుస్తకం నేను చూడననుకున్నావా?"

"ఎప్పటినుంచి?"

"అప్పటినుంచే."

"మరి నాతో అనలేదేం?"

"సూది నీ చేతిలో ఉంటుందిగా" అన్నారు.

(నవ్వులు)

నా దగ్గర మూడు కాగితాలున్నాయి. ఒకటి, పుస్తకంలోంచి కత్తిరించిన ఆ పేజీ. నా పుస్తకంలో పేజీ చింపడం ఇదే మొదలు. రెండోది, ఫిర్యాదు తప్పని, మందు సంగతి ఫార్మసిస్టు గారు చెప్పారని, వినిపించుకోనిది నేనని రాసి సంతకం పెట్టిన ఉత్తరం. ఒక పేజీయే. మూడోది చీటీ. అధ్యక్షుల వారు దాన్ని నా పాత ఫిర్యాదు మొదటి పేజీకి, పైకి కనబడేలా, గుండుసూదితో గుచ్చాలని మనవి. 'ఈ ఫిర్యాదు కోసం, వెనకనున్న ఉత్తరం చూడుము.' దీనివల్ల ఆయనకు కుర్చీ రాదు, తెలుసు. కట్ట కట్టేటప్పుడు లోపల ఉన్నది నిజమై ఉంటుంది, అంతే.

ఇదుగోనండి. మీరే చదివి అధ్యక్షుల వారికి ఇవ్వండి.

(కాగితాలు ఫార్మసిస్టు చేతికి అందాయి. పూలగుత్తి బల్ల మీద పెట్టి, మూడూ చదివారు. మడిచి, వాటిమీద చెయ్యి పెట్టి, మైకు లేకుండా ఏదో అన్నారు.)

వెనకవాళ్ళకు వినిపించలేదుట. ఇంట్లో పాతది ఏమైనా మిగిలిందా అని అడుగుతున్నారు.

లేదండీ. ఉన్నదంతా తెచ్చి ఇచ్చేశాను.

(చెయ్యి తీశారు.)

ఇంతసేపు ఓపిగ్గా విన్నందుకు మీకందరికీ కృతజ్ఞతలు. పదకొండేళ్ళు నా ఫిర్యాదు మాట విననట్టే ఉండి మందు ఇచ్చినందుకు ఫార్మసిస్టు గారికి వేరే కృతజ్ఞతలు. నా పది నిమిషాలూ అయ్యాయి. ఎవరైనా మా ఆయన్ని లేపండి, నాలుగున్నరకు మళ్ళీ షుగరు చూడాలి. సెలవు.